ముందుగా పంపిన పేషెంటు

“ఈ ప్రశ్న అందరినీ అడుగుతారా మేడమ్?” అన్నాడాయన.

అడుగుతామన్నాను.

ఆయన తలకు అడ్డదిడ్డంగా చుట్టుకున్న తువాలు విప్పి, నాలుగు మడతలు పెట్టి మోకాళ్ల మీద ఉంచుకున్నాడు. దాని అంచును వేలితో సరిచేస్తూ, “అందరూ ఏం చెప్తారు?” అని అడిగాడు.

నాకు భయం వేసిన క్షణం అదే. అంతకుముందు ఇరవై నిమిషాలు ఆయన నా ఎదుట పిచ్చివాడిలా నటించాడు. ఫ్యానును చూసి నవ్వాడు. నా పెన్నుల డబ్బాకు దండం పెట్టాడు. అదంతా నటన అని మొదటి ఐదు నిమిషాల్లోనే తెలిసిపోయింది కాబట్టి నేను కంగారు పడలేదు. తువాలు మడత పెట్టడం మాత్రం నటన కాదు. నటన అయిపోయిన మనిషి చేసే పని అది.

ఆయన సంగతి చెప్పాలంటే ముందు ఆ గది సంగతి, ఆ గదిలో నా సంగతి చెప్పాలి.

ముప్పై ఆరేళ్లకు శాలువా

మానసిక ఆరోగ్య క్లినిక్‌లో ఎనిమిదేళ్లు కేసు హిస్టరీలు రాశాను. డాక్టరుగారు మంగళవారం గిద్దలూరు, శుక్రవారం మార్కాపురం వచ్చేవారు. ఆయన దగ్గరకు వెళ్లేముందు ప్రతి పేషెంటూ నా బల్ల ముందు అరగంట కూర్చోవాలి. ఏమైంది, ఎప్పటినుంచి, నిద్ర ఎలా ఉంది, తిండి ఎలా ఉంది, మందు అలవాటుందా, ఇంట్లో ఇంకెవరికైనా ఇలా వచ్చిందా, అన్నీ అడిగి రాయడం నా పని. దానికోసం గుంటూరులో సైకాలజీ చదివాను. పుట్టింది మాత్రం గిద్దలూరులోనే.

మా ఆయన దొనకొండలో స్కూలు టీచరు. వారానికోసారి రైల్లో వచ్చి వెళ్లేవాడు. ఇప్పుడు పిల్లల్ని తీసుకుని మేమూ అక్కడికే మారుతున్నాం. అందుకే ఉద్యోగం మానేశాను. మానేయడం అంటే మామూలుగా మానేయడమే. కానీ మా క్లినిక్ సిస్టరమ్మ శాలువా, దండ, అరటిపళ్లు తెప్పించి, మైకు లేకపోయినా మైకు ముందు నిలబడినట్టు నిలబడి, ఇది పదవీ విరమణ సభ అని ప్రకటించింది. ఎనిమిది మంది చప్పట్లు కొట్టారు. అందులో ఇద్దరు పేషెంట్లు. శాలువా కప్పించుకున్నాక కాదనడం బాగుండదని నేనూ రిటైరయ్యాననే ఒప్పుకున్నాను.

నా కుర్చీలోకి శిరీష అనే అమ్మాయి వస్తోంది. “అక్కా, ఈ పని అసలు ఎట్ల ఉంటదో చెప్పు, పుస్తకంలో ఉండేది వద్దు” అని అడిగింది. పగలు చెబుదామంటే పిల్లలు మాట్లాడనివ్వరు. అందుకే వాళ్లు పడుకున్నాక రాస్తున్నాను. ఈ పేజీ మొదలుపెట్టాక రెండుసార్లు లేచి, ఇద్దరికీ ఊపిరి సరిగా ఆడుతోందా లేదా అని చూసి వచ్చాను. పెద్దదానికి పదేళ్లు, చిన్నవాడికి ఏడు. ఆ వయసు పిల్లల ఊపిరి చూడక్కర్లేదని నాకూ తెలుసు.

శిరీషకు మొదట చెప్పేది ఇదే. మన పని పిచ్చివాళ్లను కనిపెట్టడం కాదు. ఎవరికి ఏ బాధ ఉంది, అది ఎన్నాళ్లుగా ఉంది, దానివల్ల వాళ్లు మునుపు చేసుకునే ఏ పని ఇప్పుడు చేసుకోలేకపోతున్నారు, ఇవి తెలుసుకోవడం. ఎముక విరిగితే ఎక్స్‌రేలో కనిపిస్తుంది. మన చేతికి అట్లాంటిది ఏదీ రాదు, మాట ఒక్కటే వస్తుంది. ఆ మాట కూడా సగం సార్లు పేషెంటుది కాదు, వెంట వచ్చిన మేనమామది.

కాగితం

క్లినిక్‌లో ఒక ప్రశ్నల కాగితం ఉంటుంది. ఎక్కడో నగరంలో కూర్చుని తెలుగులోకి మార్చి పంపిన కాగితం. గత రెండు వారములలో మీరు చేయు పనులయందు ఆసక్తి గాని ఆనందము గాని లేకుండుట ఎంత తరచుగా జరిగినది, అని మొదలవుతుంది. చేరిన కొత్తలో వెలిగండ్ల నుంచి వచ్చిన ఒక పెద్దావిడను ఇదే ప్రశ్న అక్షరం తప్పకుండా అడిగాను. ఆమె నన్ను జాలిగా చూసింది.

“బర్రెలకు గడ్డి కోసేదానికి ఆనందమేందమ్మా” అంది.

‘దాదాపు ప్రతిరోజూ’ అనే గడిలో టిక్కు పెట్టాను. నిద్ర సరిగా పట్టదంది, టిక్కు. లేచి తిరగాలంటే ఓపిక లేదంది, టిక్కు. ఆకలి లేదంది, టిక్కు. మార్కులన్నీ కలిపితే గుండె జారిపోయేంత వచ్చాయి. నేను పరుగున డాక్టరుగారి గదికి వెళ్లబోతుంటే ఆమె లేస్తూ, ఇన్ని అడిగినావు గానీ మోకాలు మాత్రం అడగలేదే తల్లీ అంది. ఆమె పక్క గది డాక్టరుకు మోకాళ్ల నొప్పి చూపించుకోవడానికి వచ్చి, వరుస తెలియక మా బెంచీ మీద కూర్చుంది.

కాగితం మార్కులు వేస్తుంది, జబ్బును తేల్చదు. ఎవరిని ఇంకాసేపు కూర్చోబెట్టి మాట్లాడాలో మాత్రం చెబుతుంది. అది అర్థమయ్యాక ఆ ప్రశ్నలను మన మాటల్లోకి మార్చుకున్నాను. ఆసక్తి, ఆనందం అని అడగను. పొద్దున తాగిన టీ రుచిగా ఉందా అని అడుగుతాను. మనవరాలు చేతులు చాస్తే ఎత్తుకోబుద్ధి అవుతోందా అని అడుగుతాను. ఈ రెండింటికీ ఎవరూ అబద్ధం ఆలోచించి పెట్టుకుని రారు.

ఈ రోజు తిథి

జీవాలు కాసే ఒక పెద్దాయనను ఆయన కొడుకు తీసుకొచ్చాడు. నాయనకు మతిమరుపు ఎక్కువైంది, చెప్పిన మాట చెప్పినట్టే మరిచిపోతున్నాడని ఫిర్యాదు. మతిమరుపు అంటే పరీక్షలున్నాయి. ఈ రోజు తేదీ ఎంత, ఏ నెల, వందలోంచి ఏడు తీసేస్తూ పో, ఇలాంటివి. తేదీ అడిగితే అమావాస్య పోయి నాలుగు రోజులన్నాడు. వందలోంచి ఏడు తీసెయ్యమంటే, ఎందుకు తీయాలి, ఎవరు తోలుకపోయినారు అన్నాడు. నేను గర్వంగా రాశాను: కాల స్పృహ లేదు, లెక్క రాదు.

డాక్టరుగారు అది చదివి, మందలో ఎన్ని జీవాలున్నాయని ఆయనను అడిగారు. తెలియదన్నాడు. చూశారా అన్నట్టు నేను నిలబడ్డాను. ఒకటి తక్కువైతే తెలుస్తుందా అని అడిగారు.

“ఎందుకు తెల్దు సార్. ఏది రాలేదో దాని తల్లి యాదో గూడా చెప్తా.”

డాక్టరుగారు నావైపు తిరిగారు. “ఈ రోజు తిథి ఏదమ్మా?”

నేను ఫోను తీశాను. ఫోను చూడకుండా చెప్పమన్నారు. నాకు తెలియలేదు. చవితి అని పెద్దాయనే మెల్లగా అందించాడు, పరీక్షలో పక్క పిల్లకు చూపించినట్టు. డాక్టరుగారు కాగితం మూలన, పేషెంటుకు కాల స్పృహ బాగుంది, మేడమ్‌కు తక్కువ అని రాసి సంతకం పెట్టారు. ఆ కాగితం ఇప్పటికీ ఫైల్లోనే ఉంది. శిరీష వెతికి చూసుకోవచ్చు.

ఆ పెద్దాయనకు కుడి చెవి వినపడదు. కొడుకు ఎప్పుడూ కుడిపక్కన నిలబడే పనులు చెప్పేవాడు. తేలింది అంతే.

డాక్టరుగారు

ఆయన ఎక్కువ మాట్లాడరు. నేను నలభై వరుసలు రాసుకొస్తే అంతా ఓపికగా చదివి, “ఇందులో పేషెంటు మాట ఏది?” అని అడిగేవారు. నేను రాసేదంతా నా చదువు మాటలు. నిరాశ, నిస్పృహ, ఆత్మవిశ్వాస లోపం. ఆయనకు కావలసింది తలలో చీమలు పారినట్టుంది, గుండె నీళ్లయిపోయింది, అన్నం మట్టి మాదిరి ఉంది అనే మాటలు. జబ్బు పేరు మనం చివర పెట్టుకోవచ్చు, ముందు ఆయన ఏమన్నాడో అది అన్నట్టే రాయమనేవారు.

ఇంకో తప్పు చెబుతాను. కొత్తగా పెళ్లయిన అమ్మాయి, ఎవరితోనూ పలకదు, ఊరికే ఏడుస్తుంది, రోజంతా పడుకునే ఉంటుంది. వెంట అత్తగారు. అత్తగారు గది బయట నుంచి కూడా ఈ అమ్మాయి చెప్పాల్సినవన్నీ చెప్పేస్తోంది. నాకింకేం కావాలి. అత్తగారి స్వభావం మీద రెండు పేజీలు రాశాను. డాక్టరుగారు ఆ రెండు పేజీలూ కథ చదివినట్టు ఆనందంగా చదివి, ఆ అమ్మాయి మెడను పరిశీలనగా చూసి, రక్తపరీక్ష రాశారు. థైరాయిడ్. మూడు నెలల్లో ఆ పిల్ల నవ్వుతూ వచ్చింది. అంతకుముందు ఆమెను మూడు ఆస్పత్రులకు తిప్పింది ఆ అత్తగారే. ఒళ్లు చూడకుండా మనసు మీదకు పోకూడదని ఆ రోజు నేర్చుకున్నాను. అత్తగార్ల మీదకు తొందరపడి పోకూడదని కూడా.

ఇంట్లోనూ నా వృత్తి సాగేది. మా ఆయన సబ్బు పెట్టెను మూడుసార్లు సర్దితే ఒక పేరు, నెలంతా ఫోన్లో పొడిగా మాట్లాడితే ఇంకో పేరు పెట్టేదాన్ని. ఒక ఆదివారం ఆయన టవలు భుజాన వేసుకుని, రైలు దిగి వచ్చిన మనిషి మీద కేసు షీటు తెరవద్దు, ముందు అన్నం పెట్టమన్నాడు. పెట్టాను.

ఇంటిలో బండ

ఇప్పుడు తువాలు మనిషి దగ్గరకు వద్దాం. పేరు మార్చి రమణయ్య అంటాను. ఇది నేను చేరిన నాలుగో ఏట జరిగింది.

కొమరోలు దాటి ఒక పల్లె నుంచి ఆటోలో నలుగురు వచ్చారు. వాళ్లలో పెద్దాయన చీటీ చేతికిచ్చి, మా వాడికి మతి చలించింది, చూడండమ్మా అని రమణయ్యను లోపలికి తోసి బయట కూర్చున్నాడు. చీటీలో వయసు ఇరవై రెండు. మనిషికి ముప్పై ఐదు దాకా ఉంటాయి. అదేమంటే, ఎండలో కష్టం చేసేవాడు, ముదిరినాడు అన్నాడు పెద్దాయన.

రమణయ్య ఫ్యానును చూసి నవ్వుతుండగా జేబులో ఫోను మోగింది. నవ్వు ఆపి తీశాడు. “ఆ, కరెంటు వచ్చినాదా? స్టార్టరు ముట్టుకోవాకు. ముందర వాల్వు తిప్పు, కడాన ఉండే మడికి పారినాక ఫోన్ చెయ్యి” అన్నాడు. ఫోను జేబులో పెట్టుకుని, మళ్లీ ఫ్యాను వైపు చూసి, నవ్వును వదిలిన చోటు నుంచే అందుకున్నాడు.

ఏదో సర్టిఫికెట్టు కోసం వచ్చారనుకున్నాను. అయినా కాగితం నింపాలి కదా. ఏ పనికైనా పోబుద్ధి అవుతోందా అంటే, పెన్నుల డబ్బాకు దండం పెట్టాడు. నిద్ర గురించి అడిగితే మాత్రం నటించడం మరిచిపోయాడు. మూడింటికి మెలకువ వస్తదన్నాడు. కరెంటు కోసమా అన్నాను. కరెంటు ఉన్నా లేకున్నా వస్తదన్నాడు. తిండి అంటే, అన్నం మట్టి మాదిరి ఉంటదన్నాడు. ఆ జవాబులు ఇస్తున్నప్పుడు ఫ్యాను వైపు చూడలేదు. నేను రాసుకుంటూ పోయాను. చివరి ప్రశ్న దగ్గరకు వచ్చాం. బతకడం కంటే చచ్చిపోతే మేలని ఎప్పుడైనా అనిపించిందా అని అడిగే ప్రశ్న అది.

కొత్తవాళ్లు ఈ ప్రశ్న దగ్గర గొంతు తగ్గిస్తారు, లేదా దాటవేస్తారు. అడిగితే లేని ఆలోచన పుట్టిస్తామేమోనని భయం. పుట్టదు. ఎవరైనా అడిగితే బాగుండునని ఎదురు చూసేవాళ్లే ఎక్కువ. టీ రుచి అడిగిన గొంతుతోనే ఇదీ అడగాలి. నేను అడిగాను. అప్పుడే ఆయన తువాలు విప్పాడు.

కొందరు లేదంటారు, కొందరు అవునంటారు, అవునన్నవాళ్లను మేం ఒంటరిగా వదలం అని చెప్పాను.

“శానా మంది అంటారా, అవునని?”

“చాలా మంది.”

ఆయన తల ఊపాడు. ఏదో చెప్పబోయాడు. అంతలో తలుపు తోసుకుని పెద్దాయన వచ్చేశాడు. ఏం తేలిందని అడిగాడు. డాక్టరుగారు తప్పకుండా చూడాలి, ఈయనకు మనసు బాగా కుంగిపోయినట్టుంది అన్నాను.

పెద్దాయన తొడ చరిచాడు. “అయితే మీరు ఫెయిలైనట్టే మేడమ్” అన్నాడు, సంతోషంగా.

అప్పుడు బయటపడింది. రమణయ్య ఆయనకు పెద్దకొడుకు. అసలు పేషెంటు చిన్నకొడుకు, చీటీ అతనిది. పది రోజులుగా నిద్ర లేకుండా, ఊరికి నాలుగు వరసల రోడ్డు వేయిస్తానని వీధులన్నీ కొలుస్తున్నాడు. ఆ సమయానికి మా క్లినిక్ వరండాను అడుగులతో కొలుస్తూ, ఇది కొట్టేయాల్సి వస్తదని సిస్టరమ్మకు నచ్చజెబుతున్నాడు.

“నీళ్లు చూసేవాడు వస్తే ముందర మా తూర్పు మూలకు తీసుకపోతాం” అని పెద్దాయన వివరించాడు. “ఆడ మూడు బోర్లు వేసినాం, దుమ్ము తప్ప ఏం రాలేదు. ఆడ నీళ్లుండాయని అన్నాడా, వాని టెంకాయ వాని చేతికిచ్చి బస్సెక్కిస్తాం. మీకూ అదే పరీక్ష. మా ఇంట్లో తలకాయ సరింగ ఉండేది వీనికొక్కనికే. బండ వీడు. వీనికే జబ్బుండాదని అంటిరి, ఇంక చిన్నోన్ని మీరేం చూస్తారు?”

మా నాయన కూడా పొలంలో బోరుకు పాయింటు పెట్టేవాణ్ణి ఇలాగే పరీక్షించాడు. టెంకాయ అరచేతిలో పెట్టుకుని నడిచే మనిషి వెనక నేను చిన్నప్పుడు నడిచాను కూడా. అయినా నాకు తట్టలేదు.

వరండాలో ఉన్నవాళ్లంతా నవ్వారు. రమణయ్యా నవ్వాడు. బాగ చేసినానా మేడమ్ అన్నాడు. తువాలు మళ్లీ తలకు చుట్టుకున్నాడు, ఈసారి సరిగ్గా. నాకు సిగ్గుతో చెవులు వేడెక్కాయి. ఆ కాగితం మీద అడ్డంగా గీత కొట్టాను. ఆటో వెళ్లిపోయింది.

ఎనిమిదేళ్లలో నేను చేసిన తప్పులన్నిటిలో పెద్దది ఆ గీత.

గీత కొట్టిన కాగితం

మధ్యాహ్నం డాక్టరుగారు కాగితాలు తిరగేస్తూ దాన్ని పట్టుకున్నారు. జరిగింది చెప్పాను, నవ్విస్తూ చెప్పడానికి ప్రయత్నించాను. ఆయన నవ్వలేదు.

“నటించేవాడు తనకు తెలిసిన జబ్బునే నటిస్తాడమ్మా. ఫ్యాను చూసి నవ్వడం సినిమాలో చూసి ఉంటాడు. మూడింటికి లేవడం ఏ సినిమాలో ఉంది?”

“అంతా యాక్టింగని ఆయనే అన్నాడు సార్.”

“ఏది యాక్టింగు? ఇక్కడ చేసిందా, ఇంట్లో రోజూ చేసేదా?”

చీటీలో ఉన్న నంబరుకు ఫోన్ చేశాను. పెద్దాయన ఎత్తి, ఓడిపోయినోళ్లు ఫోన్ చేయకూడదమ్మా అని మర్యాదగా చెప్పి పెట్టేశాడు. మళ్లీ చేస్తే ఎత్తలేదు. డాక్టరుగారి ముందు ఇంకా ఇరవై మంది ఉన్నారు. రేపు ఎక్కడికీ పోను, ఇక్కడే ఉంటాను, వాళ్లను తీసుకురమ్మన్నారు.

పిల్లల్ని బడి నుంచి తెచ్చుకొమ్మని పక్కింటి ఆమెకు ఫోన్ చేసి, సిస్టరమ్మను వెంటబెట్టుకుని కొమరోలు బస్సెక్కాను. దారంతా నేను ఊహించుకోని దుర్ఘటన లేదు. ఆయన ఇంటికి చేరలేదు. ఆటో బోల్తా పడింది. పక్కింటి ఆమె పిల్లల్ని మరిచిపోయింది. మా ఆయన రైలు పట్టాలు తప్పింది, ఆ రోజు మంగళవారం, ఆయన రైలెక్కేది శనివారం. సిస్టరమ్మ కిటికీ పక్క సీటులో హాయిగా నిద్రపోయింది. కొమరోలులో ఆటో ఎక్కేటప్పుడు లేపాను.

తూర్పు మూల

మేం తప్పు ఒప్పుకోవడానికి వచ్చామనుకుని పెద్దాయన మంచం వాల్చి కూర్చోబెట్టాడు. రమణయ్య చేలో ఉన్నాడట. ఒక్కడేనా అని అడిగాను. మోటారు దగ్గర ఇంకెందరుండాల అన్నాడు పెద్దాయన. రమణయ్య భార్య మజ్జిగ తెచ్చింది. పెద్దకొడుకు నిద్ర ఎలా పోతాడని అడిగాను. బండ మాదిరి పండుకుంటాడన్నాడు పెద్దాయన.

“లేదు మామా” అంది కోడలు.

గ్లాసులు పట్టుకుని అలాగే నిలబడి చెప్పింది. నాలుగు నెలల నుంచి మూడింటికి లేచి, కరెంటు లేని రోజు కూడా మోటారు దగ్గరికి పోయి కూర్చుంటున్నాడు. పాపను ఎత్తుకోవడం మానేశాడు. ఎవరితోనో సంబంధం ఉందని ఆమె అనుమానపడి, ఆయన స్నానానికి పోయినప్పుడు ఫోనంతా వెతికింది. మోటారు మెకానిక్కు, ఎరువుల కొట్టాయన తప్ప అందులో ఎవరూ లేరు. ఎవరన్నా ఉండి ఉంటే బాగుండేదనిపించింది అక్కా, అంది నాతో.

“నాకెందుకు చెప్పలేదమ్మే?” అన్నాడు పెద్దాయన.

“ఊరందరికీ మా పెద్దోడు బండ అని చెప్పుకుంటాంటివి. నీకు ఎట్ల చెప్పేది?”

పెద్దాయన చెప్పులు వేసుకుని చేను వైపు నడిచాడు. మేం వెనకే నడిచాం. దారి ఆ తూర్పు మూల మీదుగానే పోతుంది. అక్కడ మూడు బోరు గుంతల మీద మూడు బండరాళ్లు కప్పి ఉన్నాయి. సిస్టరమ్మ ఇదేనా ఆ మూల అని అడిగింది. పెద్దాయన నడక ఆపలేదు.

రమణయ్య స్టార్టరు పెట్టె పక్కన గట్టు మీద కూర్చుని ఉన్నాడు. నీళ్లు పారుతున్నాయి. నన్ను చూసి లేచాడు, నవ్వు కూడా తెచ్చుకున్నాడు. నేను బస్సులో తయారు చేసుకున్న మాటలన్నీ పోయాయి.

“పొద్దున ఒక ప్రశ్నకు మీరు జవాబు చెప్పలేదు” అన్నాను. “అది లేకుండా మా డాక్టరుగారు కాగితం తీసుకోవడం లేదు.”

ఆయన నీళ్ల వైపు చూస్తూ మళ్లీ గట్టు మీద కూర్చున్నాడు.

“అవునని రాసుకో మేడమ్.”

వెనకనుంచి పెద్దాయన విన్నాడు. అక్కడే గొంతుక్కూర్చుని రెండు చేతులూ తల మీద పెట్టుకున్నాడు. చేతులు దించి, “రేపు పొద్దున్నే వస్తాం” అన్నాడు. “ముందర పెద్దోడు. చిన్నోడు తర్వాత.”

అప్పుడు సిస్టరమ్మ రంగంలోకి దిగింది. చేను దగ్గరి పురుగుమందులన్నీ వేరే ఇంటికి మార్పించి తాళం వేయించింది. తాళంచెవి పెద్దాయన మొలతాడుకు కట్టించింది. ఈ రోజు ఆయన్ను ఒక్కణ్ణీ వదలొద్దు, మంచం పక్కన మంచం వేసుకో అని పెద్దాయనకు ఆర్డరు వేసింది. బస్సులో నిద్రపోయిందని నేను మనసులో అనుకున్న మాటలన్నీ వెనక్కి తీసుకున్నాను.

ఆ తర్వాత

వాళ్లు వచ్చారు. నాయన గురకకు తెల్లవార్లూ నిద్ర లేదని రమణయ్య మొదటి ఫిర్యాదు చేశాడు. దాన్ని ఆయన మాటల్లోనే రాశాను. డాక్టరుగారు రక్తపరీక్షలు చేయించారు, భార్యను విడిగా అడిగారు, ఆయన్ను గంటసేపు కూర్చోబెట్టుకున్నారు. అప్పుడు గానీ జబ్బు పేరు రాయలేదు. తమ్ముడిదీ, ఈయనదీ రెండూ మందులతో లొంగే జబ్బులే అన్నారు. వెంటనే ఏమీ మారలేదు. వారం వారం వచ్చారు. కొన్ని వారాలకు రమణయ్య, బస్టాండులో తాగిన టీలో చక్కెర తక్కువైందని తిట్టుకుంటూ లోపలికి వచ్చాడు. నాకు లేచి చప్పట్లు కొట్టాలనిపించింది.

పెద్దాయన ఊరూరా చెప్పాడు, దుమ్ము లేచిన మూలలో ఆ డాక్టరు నీళ్లు చూపించినాడని. దానివల్ల మాకు పెద్ద తిప్పలొచ్చింది. ఆ వైపు నుంచి వచ్చే ప్రతి కుటుంబమూ ముందుగా ఇంట్లో ఉన్న అందరికంటే గట్టి మనిషిని పంపడం మొదలుపెట్టింది. ఒకరైతే ఊరి వాలీబాల్ జట్టు కెప్టెన్ని పంపారు. ఆ కుర్రాడు లోపలికి వస్తూనే, నాకేం లేదక్కా, చూసి పంపించు అన్నాడు. డాక్టరుగారు అందరికీ కేసు షీటు రాయమన్నారు. శిరీషా, నువ్వూ రాయి. ముందుగా పంపినవాణ్ణి తేలిగ్గా తీసుకోవద్దు. ఇంటికంతా బలమని పేరు పడ్డ మనిషికి బాగలేదని చెప్పుకునే వీలు ఉండదు. అలాంటివాణ్ణి ఇంట్లో ఎవరూ అడగరు.

మరుసటి ఉదయం

ఒక సంగతి మిగిలింది. చేలో నుంచి తిరిగి వచ్చిన మరుసటి ఉదయం, వాళ్లు ఇంకా బయల్దేరారో లేదో తెలియక, ఫోను ముందు పెట్టుకుని పిల్లలకు ఉప్మా పెడుతున్నాను. అప్పుడు పాపకు ఆరేళ్లు, బాబుకు మూడు. నేను రోజూ వాళ్లను అడిగేవి కొన్ని ఉండేవి. నిద్ర పట్టిందా, కడుపులో నొప్పి ఉందా, బడిలో ఎవరైనా కొట్టారా, భయమేసే కల వచ్చిందా. ఆ రోజు నేను నోరు తెరవకముందే పాప పళ్లెంలోంచి తల ఎత్తకుండా, “నిద్ర పట్టింది, నొప్పి లేదు, ఎవరూ కొట్టలేదు, కల రాలేదు” అని ఒక్క గుక్కలో చెప్పేసింది. బాబు నోట్లో ఉప్మాతో, నాక్కూడా అన్నాడు.

అంతకు ముందురోజు అయితే సంతోషించి డబ్బాలు సర్దేదాన్ని. ఆ పూట గరిటె పక్కన పెట్టి వాళ్ల ముందు కింద కూర్చున్నాను. నిన్న ఒకాయన నాకు అంతా బాగుందని నవ్వుతూ చెప్పాడని, నేను నమ్మి పంపించేశానని, అది తప్పని తెలిసి బస్సెక్కి వాళ్ల ఊరికి పోయానని చెప్పాను. కొట్టినారా అని అడిగాడు బాబు. లేదు, మజ్జిగ ఇచ్చినారన్నాను. పాప మాత్రం పళ్లెంలో పచ్చిమిరపకాయను పక్కకు తోస్తూ ఆలోచించింది.

“అబద్ధం చెప్తే నీకు తెలీదా అమ్మా?” అంది.

“తెలీదు” అన్నాను. “నేను తొందరగా నమ్మేస్తాను. మీరు బాగున్నామంటే బాగున్నారనే అనుకుని బ్యాగులు తగిలించి పంపించేస్తాను. కానీ మళ్లీ వచ్చి అడుగుతాను. మొదటిసారి చెప్పబుద్ధి కాకపోతే, రెండోసారి అడిగినప్పుడు చెప్పండి.”